దావీదు ఒంటి మీద బట్టలు లేకపోతే భక్తి పోయినట్టేనా?

మీ ప్రశ్న నాకు అర్థమైనంతలో ఇదీ. పాఠ్యపుస్తకంలో "పునరుజ్జీవన కాలంలో మానవతావాదం వచ్చి కళ మతం గుప్పిట్లోంచి బయటపడింది" అని ఒక వాక్యం రాసి, పక్కన ఫ్లోరెన్స్ శిల్పి డొనాటెల్లో చేసిన కంచు దావీదు ఫొటో వేశారు. తీరా ఆ కాలం విగ్రహాల జాబితా చూస్తే దావీదు, ఇస్సాకు, యూదితు, తోమా, యేసు. అందరూ బైబిల్ వాళ్లే, సగం పైగా చర్చిల్లోనే ఉన్నారు. మరి బయటపడింది ఎక్కడ? ఇంకోటి, ఈ మార్పు గురించి మాట్లాడినప్పుడల్లా కంచు ప్రస్తావన ఎందుకొస్తుంది? పదిహేను మార్కుల ప్రశ్న అట, టెన్షన్‌గా ఉందన్నారు.

మీ అనుమానం సరైనదే. తప్పు ఆ వాక్యంలో ఉంది. నేను ఒక కాలేజీలో ఇరవై ఏళ్ల పైన శిల్పం చెప్పాను, పోత పని చేతులతో చేశాను, ఫ్లోరెన్స్ రెండుసార్లు వెళ్లి ఈ విగ్రహాల ముందు గంటలు గంటలు నిలబడ్డాను. కాబట్టి కాస్త పొడుగ్గానే చెబుతాను, ఓపిక పట్టండి.

అసలు తిరకాసు మాటలోనే ఉంది. తెలుగులో హ్యూమనిజం అనగానే రెండు అర్థాలు అడ్డొస్తాయి. ఒకటి మానవత్వం, అంటే దయ, జాలి, సాటి మనిషికి సాయం. రెండోది ఎం.ఎన్. రాయ్ చెప్పిన నవ్య మానవవాదం. తెనాలి చుట్టుపక్కల ఆ భావాలున్న పెద్దవాళ్లు బాగానే ఉండేవారు. అందుకే మనవైపు "ఆయన హ్యూమనిస్టు అండీ" అంటే "ఆయన గుడికి వెళ్లడు" అని వినిపిస్తుంది. పదిహేనో శతాబ్దపు ఇటలీలో అర్థం ఈ రెండూ కాదు. అక్కడ హ్యూమనిస్టు అంటే పాత లాటిన్, గ్రీకు గ్రంథాలు చదివి వ్యాకరణం, వక్తృత్వం, చరిత్ర, కవిత్వం, నీతిశాస్త్రం చెప్పేవాడు. మన లెక్కలో భాషా పండితుడు. పోజ్జో బ్రాచ్చొలీని అని ఒకాయన ఉండేవాడు. 1416లో సెయింట్ గాల్ మఠంలో దుమ్ము కొట్టుకుపోతున్న పాత రోమన్ పండితుడు క్వింటిలియన్ వక్తృత్వ గ్రంథం పూర్తి ప్రతిని బయటికి తీశాడు. ఆయన ఉద్యోగం ఎక్కడనుకున్నారు? పోప్ కార్యాలయంలో. లియొనార్డో బ్రూని కూడా ముందు పోప్ దగ్గర లేఖరిగా చేసి, తర్వాత ఫ్లోరెన్స్ ప్రభుత్వానికి ఛాన్సలర్ అయ్యాడు. దేవుణ్ణి తోసేయాలన్న ఆలోచన వీళ్లకు లేదు. గ్రీకులు, రోమన్లు మనిషి ఒంటిని, మాటను, ఊరి కోసం చేసే పనిని అంత గౌరవంగా చూశారు కదా, దాన్ని క్రైస్తవంతో ఎలా కలపాలి అన్నదే వీళ్ల తపన.

అలా కలపడానికి క్రైస్తవంలోనే దారి ఉంది. దేవుడు మనిషిగా పుట్టాడు, ఆకలి దప్పులు పడ్డాడు, కొరడా దెబ్బలు తిన్నాడు అన్నది ఆ మతానికి పునాది. పదమూడో శతాబ్దం నుంచే ఫ్రాన్సిస్కన్ సన్యాసులు "ఆ బాధను కళ్ల ముందు ఊహించుకోండి, ఆ తల్లి ఏడుపు వినండి" అని జనానికి చెబుతూ వచ్చారు. అంటే మనిషి ఒంటిని నిజంగా ఉన్నట్టు చూపించాలన్న కోరిక గుళ్లోనే పుట్టింది. ఎలా చూపించాలో నేర్పింది పాత రోమన్ శిల్పం. కంచు పని ఈ రెండింటి మధ్య జరిగింది.

ఇక 1401కి వద్దాం. ఫ్లోరెన్స్‌లో బాప్తిస్మ మందిరానికి కంచు తలుపులు చేయించాలని కాలిమాలా అనే గుడ్డల వర్తకుల సంఘం పోటీ పెట్టింది. చేయించేది బిషప్పు కాదు, బట్టల వ్యాపారులు. ఈ సంగతి గుర్తుపెట్టుకోండి, మళ్లీ పనికొస్తుంది. తుది పోటీలో ఏడుగురు. అందరికీ ఒకటే కథ, ఒకటే చట్రం, ఒక ఏడాది గడువు. కథేమిటంటే, అబ్రాహాము దేవుడి మాట మీద కన్నకొడుకు ఇస్సాకును బలివ్వబోతాడు, ఆఖరి క్షణంలో దేవదూత ఆపుతాడు. ఆ ఏడు పలకల్లో రెండు మిగిలాయి, గిబెర్టిది, బ్రూనెల్లెస్కిది. ఇప్పుడు బార్జెల్లో మ్యూజియంలో పక్కపక్కనే ఉన్నాయి.

ముందు బ్రూనెల్లెస్కిది చూడండి. అబ్రాహాము కొడుకు మెడ పట్టుకుని వెనక్కి మెలిపెట్టాడు, కత్తి గొంతు దాకా వచ్చేసింది, దేవదూత దూసుకొచ్చి అతని మణికట్టు గట్టిగా పట్టుకున్నాడు. చూస్తుంటే మన గొంతు పట్టేస్తుంది. కింద ఎడమ మూలన ఒక సేవకుడు ఇవేవీ పట్టకుండా కాళ్లో ముల్లు తీసుకుంటున్నాడు. ఆ భంగిమ రోమ్‌లో ఉన్న పాత కంచు విగ్రహం నుంచి తెచ్చింది. బైబిల్లో జరుగుతున్న అతి భయంకరమైన క్షణం పక్కన ముల్లు తీసుకునే మనిషి! నాకైతే పలక మొత్తంలో ఇష్టమైనవాడు వాడే.

గిబెర్టి పలకలో గొడవ తక్కువ. ఇస్సాకు బలిపీఠం మీద మోకాళ్ల మీద ఉన్నాడు, ఒంటి మీద నూలుపోగు లేదు. ఛాతీ, పక్కటెముకలు, పొట్ట కండరాలు, భుజం తిరిగిన తీరు, అన్నీ ఏ రోమన్ శిల్పం నుంచో లేచొచ్చినట్టు ఉంటాయి. ముఖం పైకెత్తి తండ్రి వైపు చూస్తున్నాడు, భయపడుతున్నట్టు కూడా లేదు. అబ్రాహాము చేయి వెనక్కి వెళ్లింది, కత్తి ఇంకా తగల్లేదు, దేవదూత చేయీ ఇంకా తగల్లేదు. అంతా ఒక్క జానెడు దూరంలో ఆగిపోయింది. ఇక్కడ ఆ కుర్రాడు బట్టల్లేకుండా ఉండటంలో భక్తికి వచ్చిన లోటేమిటి? బలికి సిద్ధమైన నిర్దోషి ఒళ్లు అది. రోమన్ల దగ్గర నేర్చుకున్న అందం ఆ నిర్దోషత్వాన్నే ఇంకా గట్టిగా చెప్పింది. మీ ప్రశ్నకు సగం జవాబు ఈ ఒక్క బొమ్మలో ఉంది.

గెలిచింది గిబెర్టి. వయసు ఇరవై మూడు, ఇరవై నాలుగు. తీర్పు చెప్పినవాళ్లు 34 మంది అని తర్వాత ఆయనే రాసుకున్నాడు. కళాచరిత్ర పుస్తకాలు అందం గురించే మాట్లాడతాయి గానీ, పోత పని చేసినవాడికి ఇంకో విషయం కనిపిస్తుంది. గిబెర్టి తన పలకలో ఎక్కువ భాగాన్ని ఒకే పోతగా, వెనక బోలుగా పోశాడు. బ్రూనెల్లెస్కి మందమైన పలక పోసి, బొమ్మలు విడిగా చేసి దాని మీద అతికించాడు. గిబెర్టిది సుమారు 7 కిలోలు తక్కువ తూగింది. తలుపుకు ఇలాంటి పలకలు 28 కావాలి. ఒక్కో పలక మీద ఏడు కిలోల కంచు మిగిలితే ఎంతో మీరే లెక్కేయండి. గుడ్డ మూర చొప్పున కొలిచి అమ్ముకునే వర్తకులకు ఈ లెక్క అర్థం కాకుండా ఉంటుందా? ఓడిన బ్రూనెల్లెస్కి కట్టడాల వైపు వెళ్లి, ఆ ఊరి పెద్ద చర్చికి గుమ్మటం కట్టాడు. ఆ కథ వేరు.

ఇప్పుడు కంచు ఎందుకు అన్న మీ రెండో ప్రశ్న. పోత మూడు ముక్కల్లో చెబుతాను. మైనంతో బొమ్మ చేస్తారు, దాని మీద మట్టి పూత వేసి ఎండబెడతారు, కాల్చితే మైనం కరిగి బయటికి పోతుంది, ఆ ఖాళీలో కరిగిన కంచు పోస్తారు. కంచంటే దాదాపు తొంభై వంతులు రాగి, పది వంతులు తగరం. స్వామిమలై స్థపతులు చేసే పంచలోహ విగ్రహాల పద్ధతి ఇదే, కాకపోతే వాళ్లది గట్టి పోత, లోపలంతా లోహమే. మన ఆదిలాబాద్ ఓజా కళాకారులు చేసే డోక్రా బొమ్మలు బోలు పోత. ముందు మట్టి ముద్ద, దాని మీద మైనం తీగలు, దాని మీద మళ్లీ మట్టి. సూత్రంలో ఫ్లోరెన్స్ వాళ్లదీ ఇదే. నిలువెత్తు మనిషిని గట్టిగా పోస్తే బరువు, ఖర్చు సంగతి అలా ఉంచి, చల్లారేటప్పుడు మందంగా ఉన్న చోట లోహం ముడుచుకుపోయి పగుళ్లు వస్తాయి. కాబట్టి లోపల మట్టి గుండు ఉండి తీరాలి. మైనం కరిగిపోయాక ఆ గుండు గాల్లో నిలబడాలి కదా, అందుకు ఇనప మేకులు గుచ్చి బయటి అచ్చుకు పట్టి ఉంచుతారు.

ఆ మేకుల సంగతి నాకు అనుభవం. ఒకసారి రెండడుగుల బొమ్మ పోశాను. తొందరలో మేకులు తక్కువ గుచ్చాను. లోహం పోసే వేగానికి లోపలి గుండు జరిగి ఒక పక్క అచ్చుకు ఆనుకుంది. తీరా అచ్చు పగలగొట్టి చూస్తే ముందువైపు బంగారంలా వచ్చింది, వీపున మాత్రం అరచేయంత చిల్లు. మూడు నెలల పని. ఆ రోజు నుంచి ఎవరైనా పెద్ద కంచు విగ్రహం చూపిస్తే నేను ముందు వెనక్కి వెళ్లి వీపు చూస్తాను.

ఇంత తంటా ఎందుకు, చక్కగా చలువరాయి చెక్కుకోవచ్చుగా అంటారా? చెక్కారు, బోలెడు చెక్కారు. కానీ రాయి చేయి చాస్తే విరుగుతుంది. చాచిన చేతికి, ఎత్తిన కాలికి ఏదో ఒక ఆసరా, చెట్టు మొద్దో బట్ట కుచ్చిళ్లో పెట్టాలి. కంచుకు అక్కర్లేదు. ఒంటికాలి మీద బరువు వేసి, రెండో కాలు వదులుగా పెట్టి మనిషి నిలబడినట్టే నిలబెట్టొచ్చు. ఇంకోటి, రాతిలో పోయింది పోయినట్టే, మైనంలో తీసింది మళ్లీ పెట్టొచ్చు. బొటనవేలితో నొక్కితే చెంప లోపలికి పోతుంది, గోటితో గీస్తే వెంట్రుక వస్తుంది. చేతి కింద మెత్తగా కదిలిన ఆ మైనమే తర్వాత కంచై కూర్చుంటుంది. మనిషి చర్మం మెత్తదనాన్ని పట్టుకోవడానికి ఇంతకన్నా మంచి పదార్థం నాకు తెలియదు.

కంచుకు ఇంకో ఆకర్షణ, అది పాత రోమ్ పదార్థం. రోమన్ల పెద్ద కంచు విగ్రహాలు అప్పటికి కంచు కాగడాతో వెతికినా అరుదే, దాదాపు అన్నీ కరిగిపోయాయి. రోమ్‌లో గుర్రం మీద మార్కస్ అరీలియస్ మిగలడానికి కారణం తమాషాగా ఉంటుంది. మధ్యయుగాల జనం ఆయన్ని మొదటి క్రైస్తవ చక్రవర్తి కాన్‌స్టంటైన్ అనుకున్నారు, అందుకని వదిలేశారు. భక్తి కాపాడిన రాజు అన్నమాట! కరిగించే అలవాటు ఆ తర్వాత కూడా పోలేదు. మైకెలాంజెలో బొలోన్యాలో పోప్ రెండో జూలియస్‌ది బ్రహ్మాండమైన కంచు విగ్రహం చేశాడు. 1508లో నిలబెట్టారు, 1511లో కూలదోసి ఫిరంగి చేసుకున్నారు. ఆ విగ్రహం మొదటిసారి పోసినప్పుడు లోహం నడుం దాకానే వచ్చి ఆగిపోయిందట. అంత గొప్పవాడికే అలా అయిందంటే నా వీపు చిల్లు ఏపాటి!

సరే, దావీదు దగ్గరికి వద్దాం. డొనాటెల్లో దావీదును రెండుసార్లు చేశాడు. మొదటిది 1408, 1409 ప్రాంతంలో, చలువరాతిలో, నిండుగా బట్టలతో. అది పెద్ద చర్చి కోసం చేసింది, 1416లో ఊరి ప్రభుత్వం తీసుకుని తన భవనంలో పెట్టుకుంది. ముప్పై ఏళ్ల తర్వాత, 1440 ప్రాంతంలో, మళ్లీ అదే కుర్రాణ్ణి కంచులో చేశాడు. ఈసారి తల మీద ఆకుల దండ చుట్టిన టోపీ, కాళ్లకు బూట్లు. మధ్యలో ఏమీ లేదు. ఎత్తు 158 సెంటీమీటర్లు, అంటే మన ఇంట్లో తొమ్మిదో తరగతి పిల్లవాడంత. రోమన్ల కాలం తర్వాత ఆసరా లేకుండా నాలుగు వైపుల నుంచీ చూసేలా మనిషంత ఎత్తున పోసిన మొదటి నగ్న కంచు విగ్రహం ఇదేనని చెబుతారు.

ఫొటోలో ముందు నుంచే చూపిస్తారు. మీకు వీలు చిక్కితే చుట్టూ తిరగండి. కుడి చేతిలో కత్తి ఉంది. అది అతనిది కాదు, అతను చంపిన భారీకాయుడు గొల్యాతుది, అతని చేతికి మరీ పెద్దది. నడుం మీద ఆనించిన ఎడమ చేతిలో రాయి ఉంది, గెలిచాక కూడా వదల్లేదు. భుజాలు సన్నం, పొట్ట కాస్త ముందుకు, కండ ఇంకా రాలేదు. ఎడమ కాలు గొల్యాతు తల మీద ఉంది. ఆ తల గడ్డంలోకి అతని బూటు వేళ్లు దూరి ఉంటాయి. గొల్యాతు శిరస్త్రాణానికి ఉన్న రెక్క పొడుగ్గా దావీదు కుడి కాలి లోపలి వైపుగా తొడ దాకా పాకుతుంది. దాని మీద పండితులు పేజీలకు పేజీలు రాశారు, నేను ఆ జోలికి పోను. పోత పనివాడిగా నాకు కనిపించేది ఒకటే. ఒక పక్క ఈక నూగు, ఒక పక్క నున్నటి తొడ, రెండూ ఒకే లోహం. ఈక మీద ఉలితో గీతలు గీశాడు, తొడ మీద ఆకురాయి జాడ కూడా మిగలకుండా రుద్దాడు. అంతే తేడా, చర్మం వచ్చేసింది. వందేళ్ల తర్వాత, కళాకారుల జీవితాలు రాసిన వసారి ఈ విగ్రహం గురించి రాస్తూ, బతికున్న మనిషి ఒంటి మీద అచ్చు తీసి పోశారేమో అని శిల్పులే అనుకునేవారన్నాడు.

మరి బట్టలు ఎందుకు లేవు? బైబిల్ తెరవండి, మొదటి సమూయేలు 17వ అధ్యాయం. సౌలు రాజు తన కవచం, శిరస్త్రాణం దావీదుకు తొడిగిస్తాడు. కుర్రాడు నాలుగడుగులు వేసి, ఇవి నాకు అలవాటు లేదు అని తీసేస్తాడు. ఏట్లో నున్నటి రాళ్లు అయిదు ఏరుకుని, వడిసెల పట్టుకుని వెళతాడు. వడిసెల అంటే జొన్నచేలో పిట్టలు తోలేదే, అదే. నేను గెలవడం లేదు, దేవుడు గెలుస్తున్నాడు అన్నది ఆ కథ సారం. కవచం లేని ఒళ్లు అంటే దేవుడి మీద భారం వేసిన ఒళ్లు. అదే సమయంలో, గెలిచిన వీరుణ్ణి బట్టల్లేకుండా నిలబెట్టడం గ్రీకు, రోమన్ పద్ధతి. డొనాటెల్లో ఈ రెండు అర్థాలనూ ఒకే ఒంట్లో పెట్టాడు. చదువుకున్నవాడికి రోమ్ కనిపిస్తుంది, చర్చికి వెళ్లేవాడికి కీర్తనలు రాసిన దావీదు కనిపిస్తాడు. ఇద్దరూ ఒకే మనిషి కావచ్చు, ఆ ఊళ్లో చాలామంది అలాంటివాళ్లే.

పుస్తకం వాక్యంలో నిజం ఉన్నది ఇంకో చోట. ఈ దావీదు చర్చి కోసం చేసింది కాదు. మెడిచి కుటుంబం ఇంటి నడివాకిట్లో స్తంభం మీద ఉండేది. 1469లో ఆ ఇంటి లొరెంజో పెళ్లికి వచ్చినవాళ్లు అక్కడే చూశారు. పీఠం మీద లాటిన్లో నాలుగు ముక్కలు చెక్కి ఉండేవి. దేశాన్ని కాపాడేవాడే విజేత, మహా శత్రువు కోపాన్ని దేవుడు అణుస్తాడు, చూడండి ఒక పిల్లవాడు పెద్ద నిరంకుశుణ్ణి ఓడించాడు, పౌరులారా గెలవండి. దేవుడు ఉన్నాడు, పక్కనే పౌరులూ ఉన్నారు. అసలు చోద్యం ఏమిటంటే ఊళ్లో పెత్తనమంతా గుప్పిట్లో పెట్టుకున్న ఇంట్లోనే నిరంకుశుణ్ణి ఓడించమని రాసుకున్నారు. ఊరు ఊరుకుంటుందా? 1494లో మెడిచీలను వెళ్లగొట్టింది, మరుసటి ఏడాది దావీదును తీసుకెళ్లి ప్రభుత్వ భవనంలో పెట్టుకుంది. అప్పుడు ఆ నిరంకుశుడు ఎవరో వేరే చెప్పక్కర్లేకపోయింది. విగ్రహంలో వెంట్రుకవాసి మారలేదు, నిలబడ్డ చోటు మారింది. మీ సమాధానంలో "మతం నుంచి బయటపడింది" అనే చోట "చర్చి గోడ దాటి ఇంటికి, వీధికి వచ్చింది" అని రాస్తే తప్పు పట్టేవాడు ఉండడు.

యూదితుదీ ఇదే దారి. ఆమె కథ కథోలిక బైబిల్లో ఉంటుంది, ప్రొటెస్టెంట్ల బైబిల్లో ఉండదు, కాబట్టి కొందరికి తెలియకపోవచ్చు. ఊరిని ముట్టడించిన సేనాని హోలోఫెర్నెసు తాగి పడి ఉండగా యూదితు అనే వితంతువు అతని తల నరుకుతుంది. డొనాటెల్లో ముసలితనంలో చేసిన ఈ జంట విగ్రహం పదకొండు ముక్కలుగా పోసి కలిపింది. దీని దగ్గర నన్ను కట్టిపడేసింది ముసుగు. ఆయన నిజం గుడ్డనే మైనంలో ముంచి బొమ్మ మీద కప్పి, దాంతోనే పోత పోశాడు. నుదుటి దగ్గర అంచున మైనం పలచబడిన చోట గుడ్డ నేత, పడుగు పేక, కంచులో అలాగే కనిపిస్తుంది. అయిదున్నర శతాబ్దాల కిందటి ఎవరో నేసిన గుడ్డ! గుడ్డల వర్తకుల ఊరు కదా, ఇది చూసి ఏమనుకున్నారో అని నాకు ఎప్పుడూ అనిపిస్తుంది. ఇదీ మెడిచి తోటలోనే ఉండేది, 1495లో ఊరు లాక్కుని ప్రభుత్వ భవనం ముందు పెట్టి, ప్రజల క్షేమానికి ఉదాహరణగా పౌరులు నిలిపారు అని చెక్కించింది. మైకెలాంజెలో చలువరాతి దావీదు 1504లో వచ్చి ఆమె చోటు తీసుకున్నాడు.

చర్చి బయటి సంగతి ఇంత చెప్పాను కాబట్టి చర్చిని పట్టుకుని ఉన్నది కూడా ఒకటి చూద్దాం. ఓర్సన్‌మికేలె అని సగం ధాన్యం కొట్టు, సగం ప్రార్థనాలయం లాంటి కట్టడం. దాని బయటి గోడ గూళ్లలో ఒక్కో వర్తక సంఘం ఒక్కో సంతుణ్ణి నిలబెట్టింది. ముఖ్యమైన వీధి వైపున్న ఒక గూడు వర్తకుల న్యాయస్థానం చేతికి వచ్చింది. వాళ్లు ఎవర్ని ఎంచుకున్నారు? తోమాను. యేసు చనిపోయి లేచాడంటే, గాయం చూస్తేగానీ నమ్మనన్న శిష్యుణ్ణి. తగాదా వస్తే ముందు సాక్ష్యం చూపించు అనే కోర్టుకు ఇంతకన్నా తగిన సంతుడు దొరకడు కదా!

పని వెర్రోక్కియో అనే శిల్పికి ఇచ్చారు. 1467లో మొదలైతే 1483 జూన్‌లో నిలబెట్టారు, పదహారేళ్లు. చిక్కేమిటంటే గూడు ఒక్కరికి కట్టింది, ఇందులో ఇద్దరు కావాలి. వెర్రోక్కియో యేసును లోపల గట్టు మీద నిలబెట్టి, తోమాను పక్కగా కిందికి జరిపాడు. తోమా కాలు గూడు గట్టు దాటి బయటికి, వీధి గాల్లోకి వచ్చేసింది. అంటే అతను మనలో ఒకడు, దారిన పోతూ ఆగినవాడు. యేసు ఒక చేయి పైకెత్తాడు, ఇంకో చేత్తో తన అంగీ చీలికను తనే తెరిచి గాయం చూపిస్తున్నాడు. తోమా వేళ్లు దగ్గరికి వెళ్లాయి, తగల్లేదు. గిబెర్టి దేవదూత చేయిలాగే ఇక్కడా జానెడు దూరం. అంగీ అంచుల మీద లాటిన్ అక్షరాలు చెక్కారు, యోహాను సువార్తలో మాటలే, చూచి నమ్మితివి, చూడక నమ్మినవారు ధన్యులు అని. సాక్ష్యం అడిగే కోర్టు గోడ మీద, సాక్ష్యం అడగనివాడే ధన్యుడని! ఆ చమత్కారం చేయించినవాళ్లకు తెలిసే ఉంటుంది.

ఇద్దరికీ వీపులు లేవు. గూట్లోనే ఉంటారు కదా అని వెనక పోయలేదు, బోలుగా వదిలేశారు. అసలు విగ్రహాలు ఇప్పుడు పైఅంతస్తు మ్యూజియంలో ఉన్నాయి, గూట్లో నకలు ఉంది. నేను అలవాటు ప్రకారం వెనక్కి వెళ్లి చూశాను. ముందు నుంచి దేవుడు, వెనక నుంచి తొట్టి. కంచు ఆదా, బరువు ఆదా. భక్తి, పొదుపు పక్కపక్కనే కాపురం చేసిన ఊరు అది.

గిబెర్టి రెండో జత తలుపుల గురించి ఎలాగూ చదివే ఉంటారు, కాబట్టి ఒక్క మాటే. 1425 నుంచి 1452 దాకా 27 ఏళ్లు, పది పెద్ద పలకలు, మొత్తం బంగారు పూత. ఏ కథలు వేయాలో ముందే జాబితా రాసిచ్చింది మన హ్యూమనిస్టు పండితుడు బ్రూని. 28 పలకలు చేయమన్నాడు. గిబెర్టి విని, తన ఇష్టం వచ్చినట్టు పదే చేశాడు. పండితులు చెప్పారు, శిల్పులు చేశారు అని పుస్తకాలు రాసేటప్పుడు ఈ చిన్న సంగతి వదిలేస్తారు. 1966 నవంబర్ 4 వరదలో కొన్ని పలకలు ఊడిపడ్డాయి. శుభ్రం చేసి మ్యూజియంలో పెట్టేసరికి 2012 అయింది. బాప్తిస్మ మందిరానికి ఇప్పుడున్నది నకలు, దాని ముందే సెల్ఫీలు దిగి వెళ్లిపోకండి.

పాడువాలో సంత్ ఆంతోని చర్చి బలిపీఠానికి డొనాటెల్లో చేసిన నాలుగు అద్భుతాల పలకలు కూడా మీ సమాధానంలో పెట్టొచ్చు. ఒకదాంట్లో తల్లిని తన్నిన కొడుకు పశ్చాత్తాపంతో కాలు నరుక్కుంటే సంతుడు మళ్లీ అతికిస్తాడు. చూడాల్సింది సంతుణ్ణి కాదు, చుట్టూ ఉన్న జనాన్ని. తోసుకుంటున్నారు, ఒకళ్ల భుజాల మీంచి ఒకళ్లు తొంగి చూస్తున్నారు. అచ్చం మన జాతరలో రథం దగ్గర జనంలా. అద్భుతం జరిగితే వీధి ఎలా ఉంటుందో ఆయన వీధినే పోశాడు.

ఆఖరున, నేను క్లాసులో ఎప్పుడూ చివరికి ఉంచే బొమ్మ. ఫ్లోరెన్స్ సాన్ లొరెంజో చర్చిలో రెండు కంచు ప్రసంగ వేదికలు ఉన్నాయి. డొనాటెల్లో చివరి పని. 1466లో ఆయన పోయేటప్పటికి పూర్తి కాలేదు, శిష్యులు పూర్తి చేశారు. వాటి మీద యేసు చివరి రోజులు, పునరుత్థానం. పునరుత్థానం అనగానే మనకు అలవాటైన బొమ్మ ఏది? మెరిసిపోతూ, చేయెత్తి, గాల్లో తేలుతూ పైకి లేచే యేసు. ఇక్కడ అలా లేదు. సమాధిలోంచి ఒక మనిషి కాలు పైకి పెట్టి ఎక్కి వస్తున్నాడు. పాతిపెట్టినప్పుడు చుట్టిన గుడ్డ ఇంకా ఒంటిని అంటిపెట్టుకునే ఉంది. జెండా కర్రను ఊతకర్రలా పట్టుకుని దాని మీద బరువు వేశాడు. తల కాస్త వంగింది. ముఖంలో గెలుపు కంటే అలసట ఎక్కువ, మూడు రోజులు మంచాన పడి లేచినవాడిలా. కింద సైనికులు నిద్రపోతున్నారు. కంచు చాలాచోట్ల నున్నగా రుద్దలేదు, మైనం మీద పనిముట్టు లాగిన గీతలు అలాగే ఉన్నాయి.

ఇది చేసినవాడికి దాదాపు ఎనభై ఏళ్లు. దీన్ని చేయించింది మెడిచీలు, ఉన్నది వాళ్ల చర్చిలో, చూసింది ప్రార్థనకు వచ్చినవాళ్లు. ఇందులో దేవుడు తగ్గాడా? చావును దాటి రావడం ఎంత కష్టమో ఆ అలసట చెప్పినట్టు ఇంకేదీ చెప్పలేదు. నాకు తెలిసిన మానవతావాద శిల్పం ఇది, దావీదు కంటే ఎక్కువగా. ఫొటోలు సరిగ్గా దొరకవు, వేదికలు స్తంభాల మీద ఎత్తుగా ఉంటాయి, లోపల వెలుతురు తక్కువ. ఎప్పుడైనా వెళితే చిన్న బైనాక్యులర్ పట్టుకెళ్లండి.

పరీక్ష సంగతి. రెండు మార్కుల బిట్ వస్తే పుస్తకంలో వాక్యమే రాసేయండి, దిద్దేవాళ్లతో గొడవెందుకు. పదిహేను మార్కులకైతే 1401 పోటీతో మొదలుపెట్టి, రెండు పలకలూ చిన్నగా బొమ్మ గీసి, కత్తి ఎక్కడుందో బాణం గుర్తు పెట్టండి.